మూడో చరణం

"అయితే ఎవ్వరూ వెళ్ళలేదన్నమాట," అంది అమ్మ.

బేకరీ మూతపడి ఏళ్ళయినా పొయ్యి గట్టు మాత్రం అలాగే ఉంది. ఒకప్పుడు వేడి రొట్టెల రేకులు దించిన ఆ గట్టు మీద, కొడుకు డ్రమ్ముల పక్కన, చెప్పులైనా విప్పకుండా కూర్చుందావిడ. ఆసుపత్రి లాండ్రీలో పని దిగి ఇటే వచ్చింది. సబ్బునీళ్ళలో నానిన వేళ్ళు ఇంకా తెల్లగా, ముడతలు పడి ఉన్నాయి.

మైకు దొరికిన చోటల్లా చెవులు చిల్లులు పడేలా అరిచే ‘గోల’ బృందం, సొంత కొంపలో ముసలావిడ అడిగిన ఒక్క ప్రశ్నకి తేలు కుట్టిన దొంగల్లా గోడలు చూస్తోంది. పంక్ పాటగాళ్ళని, ఎవరికీ తలవంచరని పేపర్లు రాసింది వీళ్ళ గురించే.

"నేను చదువుకోనిదాన్ని. అర్థమయ్యేలా చెప్పండి. పాట ఎవరు రాశారని పోలీసులు అడిగితే అందరూ నేనే రాశాననాలి. మీ రూలు అదేగా?"

"అదేనమ్మా," అన్నాడు మేష్టారు. బడిలోంచి తీసేశాక గిటారు పట్టిన మనిషి. బృందాన్ని పుట్టించిందీ, రూళ్ళు పెట్టిందీ ఆయనే. "మా పాటకి పేరుండదు. ఎవరిదీ కాదు, అందరిదీ. ఒకరిని పట్టుకుపోతే మిగతావాళ్ళం వెంటనే స్టేషనుకి వెళ్ళి అదే మాట చెప్పాలి. నలుగురూ నేనే అంటే వాళ్ళు ఎవరి మీదని కేసు రాస్తారు?"

"మావాడిని పట్టుకుపోయినప్పుడు వాడు అన్నాడుగా?"

"అన్నాడు."

"మరి మీరు?"

మేష్టారు కళ్ళజోడు తీసి తుడిచాడు. "నాకు ఆ రోజు బీపీ ఎక్కువైందమ్మా. వీళ్ళిద్దరూ వెళ్ళే ఉంటారనుకున్నాను."

"పాటల్లో చావుకే భయపడరు కదండీ మేష్టారూ. ఒక మాత్ర మింగి బయల్దేరలేకపోయారా?"

ఆయన కళ్ళజోడు పెట్టుకుని మళ్ళీ తీశాడు. అద్దాల్లో తుడవడానికింక ఏమీ మిగల్లేదు.

"తిలా పాపం తలా పిడికెడు అంటారు. అదీ లేదు. మొత్తం తట్టెడూ వాడొక్కడి నెత్తినే పోశారు," అంది అమ్మ.

"అత్తయ్యా, జరిగిందేదో జరిగిపోయింది. ఇప్పుడు ఎవరిది తప్పని తేల్చుకుని ఏం లాభం చెప్పండి?" అన్నాడు మిస్త్రీ. ఊళ్ళో ఇళ్ళకి కరెంటు పని చేస్తాడు, సభల్లో తీగలు మీటుతాడు. ఆవిడకి అల్లుడు.

"నువ్వాగు బాబూ. నీ దగ్గరికి తర్వాతొస్తా." అమ్మ కూతురి వైపు తిరిగింది. "పెద్దదానా, పాట రాసింది నువ్వేగా?"

ఆ ఇంట్లో అడగకూడని ప్రశ్న అది. రాత్రిళ్ళు గురక పెట్టేదెవరో అందరికీ ఎలా తెలుసో, పాటలు రాసేదెవరో కూడా అలాగే తెలుసు. పైకి అనకపోవడమే మర్యాద. కాకి గొంతని మొదటి సభలోనే ఎవడో వెక్కిరిస్తే ఆ పేరే గర్వంగా తగిలించుకున్న పిల్ల, బట్టల మిల్లు తగలబడిన వారం మొత్తం అన్నం సరిగా ముట్టుకోలేదు. మిల్లు తలుపులకి బయట తాళాలున్నాయి. లోపలివాళ్ళు అరుస్తున్నా తాళాలు తీసినవాడు లేడు. దేశాన్నేలే పెద్దాయన ఆ రాత్రి పడుకున్నారనీ, లేపడానికి ఎవరికీ ధైర్యం చాల్లేదనీ మర్నాడు చెప్పారు. ‘పెద్దాయన పడుకున్నాడు, మెల్లగా కాలండి’ అన్న పల్లవి అప్పుడు పుట్టింది. మిగతా ముగ్గురూ దానికి వాయిద్యాలు కూర్చారు, అంతే.

"నేనే," అంది కాకి.

"అయితే వెళ్ళి లోపల నువ్వు కూర్చో. వాడిని ఇంటికి పంపు."

"అమ్మా..."

"ఇద్దర్లో ఒకరు లోపల ఉండక తప్పదంటే నువ్వే ఉండు. కడుపులో దాచుకోకుండా చెబుతున్నా. వాడు నా చేతి ముద్ద తిని నా పక్కన పడుకునే పిల్లోడు. నువ్వు గడప దాటి ఎన్నేళ్ళైంది? నువ్వు లేకుండా బతకడం నాకు ఎప్పుడో అలవాటైపోయింది."

మేష్టారు లేచి వెనక గదిలోకి వెళ్ళిపోయాడు. ఇలాంటి చోట్ల ఆయనకి బీపీ గుర్తుకొస్తుంది.

కాకి పెదవి కొరుక్కుంది. తల్లికి తన మీద ప్రేమ తక్కువని చిన్నప్పటి నుంచీ తెలుసు. తెలిసిన సంగతే అయినా ఎదురుగా కూర్చుని చెబితే ఇంకోలా ఉంటుందని మాత్రం తెలియదు.

"నేను బయల్దేరానమ్మా. వెళ్ళనివ్వలేదు," అంది చివరికి.

"ఎవరు?"

"ఇదిగో, మీ అల్లుడు. పిండి గదిలో చెప్పులు వేసుకుంటుంటే బయట గడియ పెట్టేశాడు."

అమ్మ అల్లుడి వైపు చూసింది. మిస్త్రీ తడబడలేదు. ఈ మాట ఎప్పుడో ఒకప్పుడు బయటపడుతుందని సిద్ధంగానే ఉన్నట్టున్నాడు.

"పెట్టాను. నా పెళ్ళాం జైలుకి పోతుంటే చెయ్యూపి సాగనంపమంటారా? దాన్ని కాపాడుకోవడం తప్పయితే ఆ తప్పు చేశాను. వెయ్యిసార్లయినా చేస్తాను."

"నా తమ్ముడురా వాడు," అంది కాకి.

"తెలుసు. ఒక్క మాట అడుగుతా, మీ అమ్మ ముందే చెప్పు. ఆ రోజు సాయంత్రం దాకా లోపలే ఉన్నావు. తలుపు ఒక్కసారైనా కొట్టావా?"

ఆమె పిండి గది తలుపు వైపు చూసింది.

"నేను గుమ్మం ముందే స్టూలు వేసుకుని కూర్చున్నా. కొడితే తీసేద్దామనే కూర్చున్నా, ఒట్టు. నువ్వు అరిస్తే నాలుగు వీధులు లేస్తాయి. ఆ రోజు ఆ గదిలో ఎలక చప్పుడు కూడా లేదు."

నిజమే. గడియ పడగానే ముందు కోపం వచ్చింది. ఆ కోపం వెనకాలే ఇంకోటి వచ్చింది. దాన్ని ఇన్నాళ్ళూ పేరు పెట్టి పిలవలేదు గానీ, ఇప్పుడు తల్లి చూపు కింద తప్పించుకునే దారి లేదు. హమ్మయ్య అనిపించింది ఆ రోజు. చెప్పులు విప్పేసి, ఖాళీ పిండి బస్తాల మీద కాళ్ళు చాపుకుని కూర్చుంది. కాసేపు కునుకు కూడా తీసింది.

"బాగుంది," అంది అమ్మ గట్టు దిగుతూ. "ఎద్దు పుండు కాకికి ముద్దా. పేరు సరిగ్గానే పెట్టారు నీకు. మొగుడూ పెళ్ళాలు ఈడూ జోడూ కుదిరారు."

గుమ్మం దగ్గర ఆగింది.

"రేపు కోర్టు. ఇవాళ ములాఖత్ ఉంది. వెళ్ళి వాడికి చెప్పు, నీ బదులు నేనొస్తున్నానని. చెప్పి రా."

"చెప్పకపోతే?"

"చెప్పకపోతే ఏముంది. నాకు పుట్టింది వాడొక్కడేననుకుంటాను."

*

జైలుకి వెళ్ళే బస్సులో వెనక సీటు కుర్రాళ్ళు ఆ పల్లవే పాడుతున్నారు. కండక్టరు వినపడనట్టు టిక్కెట్లు చింపుతున్నాడు. కాకి కిటికీ వైపు ముఖం తిప్పుకుంది.

ఇన్నేళ్ళూ వీళ్ళ సభలకి జనం రాలేదు. కార్మికుల హాళ్ళలో, లారీ తొట్టెల మీద, ఒకసారి మూతపడిన ఈతకొలనులో కూడా పాడారు. సగం సభల్లో స్టేజీ మీద ఉన్నవాళ్ళ కంటే కింద ఉన్న పోలీసులే ఎక్కువ. హాళ్ళవాళ్ళు తలుపులు మూశారు, రికార్డు దుకాణాలవాళ్ళు మొహాలు తిప్పుకున్నారు. ఇప్పుడు ఒకడిని లోపల వేసేసరికి ఊరు ఊరంతా పాడుతోంది.

జైలు ఎదురుగా గోడ నిండా పోస్టర్లు. అన్నిటి మీదా తమ్ముడి బొమ్మే. బొమ్మ కింద పెద్ద అక్షరాలతో ‘మా కవి’ అని అచ్చేశారు.

ఆమె దాని ముందు చాలాసేపు నిలబడిపోయింది. పాట అందరిదీ అని మైకుల్లో చెప్పింది ఎవరు? తనే. పేరు కోసం రాసేవాళ్ళని నానా మాటలూ అన్నది ఎవరు? తనే. మరి ఆ రెండు ముక్కలూ చూస్తే కళ్ళెందుకు మండాయి? వాడు జైల్లో ఉన్నాడన్న దిగులు కంటే, వాడిని కవి అన్నారన్న ఉక్రోషమే ముందొచ్చింది. ఛీ అనుకుంది తనని తనే. ఎన్నిసార్లు అనుకున్నా ఉక్రోషం తగ్గలేదు.

జాలీకి అవతల చిన్నోడు నున్నగా గీసుకున్న గడ్డంతో వచ్చి నిలబడ్డాడు. ఇంట్లో ఉన్నప్పటి కంటే నిటారుగా ఉన్నాడు.

"అక్కా, బయట నిజంగానే పాడుతున్నారా?"

"పాడుతున్నారు."

"బస్సుల్లో కూడానా?"

"ఆఁ."

వాడి మొహం చేటంతయింది. "లోపల అందరూ నన్ను కవిగారూ అంటున్నారు తెలుసా? వార్డరు వాళ్ళమ్మాయి పెళ్ళికి నాలుగు ముక్కలు రాసిమ్మన్నాడు."

"రాశావా?"

"మనసు కుదరడం లేదని చెప్పా."

ఇద్దరూ నవ్వుకున్నారు. ఆ నవ్వు ఉండగానే చెప్పేయాలని కాకి గబగబా మొదలుపెట్టింది. "రేపు కోర్టులో నేను లేచి చెప్పేస్తాను. నువ్వు ఊరికే డ్రమ్ము వాయించానను. మన ప్లీడరమ్మ చెప్పింది, పాడినవాళ్ళని, వాయించినవాళ్ళని వదిలేస్తారు, రాసినవాళ్ళనే వదలరంట. రేపీపాటికి ఇంట్లో ఉంటావురా."

వాడి నవ్వు ఆగిపోయింది.

"నిన్నెవరు అడిగారు?"

"అమ్మ..."

"అమ్మ సంగతి వదిలెయ్. నేనడిగానా?"

"జైలురా. ఎన్నేళ్ళు వేస్తారో తెలుసా నీకు?"

"తెలుసు. మీ వెనక కూర్చున్న ఏళ్ళు మాత్రం ఏళ్ళు కావా?" గొంతు తగ్గించాడు గానీ మాట తగ్గించలేదు. "మొదటి రోజు నుంచీ మీ వీపులే చూశాను. ఫోటోల్లో నేనుండను, నా డ్రమ్ముంటుంది. పేపరువాళ్ళు మీ ముగ్గురినీ ప్రశ్నలడిగి నన్ను మంచినీళ్ళు తెమ్మనేవాళ్ళు. వాళ్ళే కాదు, నువ్వూ తెమ్మనేదానివి. పాట అందరిదీ అన్నారుగా? నా వాటా నాకిచ్చెయ్యండి."

"ఆ రోజు మేం రాలేదని కోపంగా ఉందా?"

"రాకపోవడమే మంచిదైంది. వచ్చుంటే మళ్ళీ నన్ను వెనక్కి నెట్టేవాళ్ళు."

ఆమెకి చెంపదెబ్బ తగిలినట్టయింది.

"రేపు నువ్వు లేచి నాదే అన్నావనుకో, మా అక్క అబద్ధమాడుతోందంటాను. నిన్ను నమ్ముతారో నన్ను నమ్ముతారో గోడల మీద చూసుకో," అన్నాడు చిన్నోడు. ఆ తర్వాత వార్డరు దూరంగా ఉన్నాడో లేదో చూసి, జాలీకి మొహం ఆనించాడు. "ఒక్క పని చేసిపెట్టు. మూడో చరణం చెప్పు."

"ఏంటీ?"

"సర్కారు ప్లీడరుకి అనుమానమొచ్చింది. డ్రమ్ము కొట్టేవాడికి కవిత్వమేంటంటున్నాడంట. రేపు జడ్జి ముందు మూడో చరణం అప్పజెప్పమంటారు. పల్లవి నాకొచ్చు. మొదటి రెండూ ఇక్కడ అందరూ పాడుతున్నారు. మూడోదే ఎవరికీ తెలీదు. అక్కడ నువ్వు అరుస్తావు కదా, మాటలు ఎవడికి అర్థమవుతాయి? నాకు నా దరువు తప్ప ఏదీ వినపడేది కాదు."

కాకికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. అన్నేళ్ళు వెనక కూర్చుని వాయించిన పాటలో ఏముందో వీడికి తెలియదు. తెలియని పాటకి జైలుకి పోతానని పట్టుబట్టి కూర్చున్నాడు.

వాడికి ఇంకెక్కడా దొరికే దారి కూడా లేదు. పాట అచ్చేసిన కాగితాలన్నీ పోలీసులు ఎత్తుకుపోయారు. కేసు నడుస్తోంది ఆ మూడో చరణంలో ఉన్న రెండో పాదం మీదే. అయితే ఆ పాదాన్ని కేసు కాగితాల్లో రాయడానికి పోలీసులకే గుండె చాల్లేదు. రాసినవాడి మీద ఇంకో కేసవుతుందని భయం. ‘మూడో చరణం, రెండో పాదం’ అని మాత్రం రాసి, అసలు ముక్కని కవర్లో పెట్టి సీలు వేసి కోర్టుకి ఇచ్చారు.

‘తలుపుకి తాళం వేసిందెవరని అడగొద్దు. తాళంచెవి పెద్దాయన తలగడ కింద ఉంది.’ చరణమంతా ఆ రెండు పాదాలే.

"చెప్పక్కా. టైమైపోతోంది."

"తలుపుకి తాళం వేసిందెవరని అడగొద్దు," అంది కాకి.

వాడు వేళ్ళతో జాలీ చట్రం మీద దరువు వేస్తూ దాన్ని పలికాడు. "ఊఁ. తర్వాత?"

ఆమె జాలీ మీది వాడి వేళ్ళ వైపు చూసింది.

"తాళంచెవి ఎక్కడో పోయింది, వెతుకుదాం పదండి."

"తాళంచెవి ఎక్కడో పోయింది, వెతుకుదాం పదండి." రెండుసార్లు అనుకుని మొహం చిట్లించాడు. "ఇంతేనా? దీనికేనా ఇంత కేసు?"

"వాళ్ళకి దేనికి కోపమొస్తుందో ఎవరికి తెలుసు."

"ఏమైనా చెప్పక్కా, నేనైతే ఇంకాస్త గట్టిగా రాసేవాడిని," అన్నాడు చిన్నోడు.

బయటికి వస్తూ, వాడిని విడిపించడానికే ఈ పని చేశానని చెప్పుకుంది. తప్పు చెబితే కవి కాడని తేలిపోతుంది, వదిలేస్తారు, అప్పుడు తను లేచి ఒప్పుకుంటుంది. అదంతా నిజమే. ఆ పాదం వాడి నోట వినడం తన వల్ల కాదనుకున్న మాట కూడా అంతే నిజం. ఏది ఎంత పాళ్ళో అడిగితే ఆమే చెప్పలేకపోయేది. తప్పు పాదం సంగతి ఇంటికెళ్ళి మొగుడికి కూడా చెప్పలేదు.

*

కోర్టు గదిలో ఫ్యాను ఒకటే తిరుగుతోంది, అదీ జడ్జిగారి నెత్తి మీద. ఆయనకి జలుబు. మాటిమాటికీ రుమాలు తీస్తున్నారు. గోడ అవతల జనం పాడుతున్న పల్లవి కిటికీ సందుల్లోంచి వస్తుంటే బంట్రోతు పోయి తలుపులు బిగించాడు.

మొదటి బెంచీలో అమ్మ, ఆవిడ పక్కన కాకి, కాకి పక్కన మిస్త్రీ కూర్చున్నారు. మేష్టారు రాలేదు. ఎందుకు రాలేదో ఎవరూ అడగలేదు.

"వాడికి చెప్పావా?" అంది అమ్మ ముందుకే చూస్తూ.

"వాడు సాయంత్రానికి ఇంటికొస్తాడు. నేను మాట ఇస్తున్నా," అంది కాకి.

మిస్త్రీ ఆమె చెయ్యి పట్టుకున్నాడు. "పిచ్చి పనులేమీ చెయ్యకు. నేనున్నాను," అన్నాడు.

సర్కారు ప్లీడరు లేచాడు. సన్నగా, పొడుగ్గా ఉన్నాడు. సీలు కవరుని రెండు వేళ్ళతో పట్టుకుని, కొరివిని పట్టుకున్నట్టు దూరంగా పెట్టుకున్నాడు.

"అయ్యా, ఈ పాట రాసింది తనేనని ముద్దాయి ఒప్పుకున్నాడు. ప్రభుత్వానికి నమ్మకం కుదరడం లేదు. ఆ మూడో చరణం ఒక్కసారి చెప్పించండి. అసలుది కవర్లో ఉంది. నేను చదవను, చదివితే నేనూ ముద్దాయినవుతాను."

ఎవరో కిసుక్కుమన్నారు. జడ్జిగారు రుమాలు మడిచి, చెప్పమన్నట్టు తలూపారు.

చిన్నోడు బోనులో ఛాతీ విరుచుకుని నిలబడ్డాడు. జీవితంలో మొదటిసారి ఒక గది గదంతా వాడి నోటి వైపు చూస్తోంది.

"తలుపుకి తాళం వేసిందెవరని అడగొద్దు. తాళంచెవి ఎక్కడో పోయింది, వెతుకుదాం పదండి."

జడ్జిగారు కవరు చింపి, లోపలి కాగితం ఒక్కసారి చూసి, గబుక్కున మడిచేశారు.

"ఇది కాదు," అన్నారు.

"నేను ముందే మనవి చేశాను," అన్నాడు సర్కారు ప్లీడరు. "వెతుకుదాం పదండి అంట. చిన్నపిల్లల ఆటనుకున్నాడు. ఈయనగారు కవి కాదండయ్యా, కవిగారి డప్పు."

ఈసారి గదంతా నవ్వింది. విలేకరులు నవ్వారు, పోలీసులు నవ్వారు, బోను పక్కన నిలబడ్డ కానిస్టేబులు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. చిన్నోడికి మొదట అర్థం కాలేదు. తర్వాత అక్క వైపు చూశాడు. చూస్తూ ఉండగానే వాడి చెవులు ఎర్రబడ్డాయి.

"అబ్బాయ్, ఎవరికో అడ్డుపడి నీ బతుకు పాడుచేసుకోకు. రాసిందెవరో చెప్పి ఇంటికి పో," అన్నారు జడ్జిగారు.

ఇదే అదను. కాకి మొగుడి చేతిలోంచి చెయ్యి లాక్కుని కొంగుకి తుడుచుకుంది. లేవడానికి బెంచీ అంచు పట్టుకుంది కూడా. వాడు తన పేరే చెబుతాడు, చెప్పనీ. అంతకు మించిన శిక్ష వాడు వెయ్యలేడనుకుంది.

చిన్నోడు ఆమెనే చూస్తూ చెప్పాడు. "మా బావ."

లేవబోయిన ఆమె మళ్ళీ కూర్చుంది. ప్రాణం పోయినా సరే, పాటని మాత్రం ఆమెకి దక్కనివ్వకూడదని నిర్ణయించుకున్నాడు వాడు.

"ఎవరాయన? లేవండి," అన్నారు జడ్జిగారు. "మీరేనా రాసింది?"

మిస్త్రీ లేచాడు. ఒక్క క్షణం, ఒకే ఒక్క క్షణం, కాకికి ఆశ పుట్టింది. అతను నేనే అంటాడు. వెంటనే తను లేచి నేనే అంటుంది. ఇన్నేళ్ళ తర్వాత మేష్టారి రూలు ఒక్కసారైనా నిలబడుతుంది.

"కాదండీ," అన్నాడు మిస్త్రీ. ఊపిరి తీసుకోవడానికి కూడా ఆగలేదు. "నేను కరెంటు పని చేసుకునేవాడిని. పాటలు రాసేది మా ఆవిడ. ఇది కూడా ఆవిడే. వంటింట్లో కూర్చుని రాస్తుంటే నా కళ్ళతో చూశాను. కావాలంటే అడగండి."

అడగనివి కూడా చెప్పాడు. ఏ రోజు రాసిందో, ఎన్నిసార్లు కొట్టేసిందో, చదివి వినిపిస్తే తను ఎలా వద్దన్నాడో కూడా వరసగా చెప్పుకొచ్చాడు. కాపాడుకుంటానన్న మనిషి, వెయ్యిసార్లయినా గడియ పెడతానన్న మనిషి. ఆ గడియ ఎవరి కోసం పెట్టాడో కాకికి ఇప్పుడు తెలిసింది. ఆమె జైలుకి పోతే పోలీసులు తర్వాత వచ్చేది అతని దగ్గరికే.

"రామ్మా," అన్నారు జడ్జిగారు.

ఆమె రెండో బోనులోకి వెళ్ళి నిలబడింది. ఎదురుగా తమ్ముడు. కింద మొగుడు కూర్చుని చొక్కా జేబు సర్దుకుంటున్నాడు, ఏదో పని అయిపోయినట్టు.

"మూడో చరణం చెప్పు."

రాత్రంతా ఈ నిమిషం కోసమే సిద్ధమైంది. అసలు పాదం నాలుక చివరే ఉంది. అనేస్తే పాట తనది, జైలూ తనదే. అమ్మకిచ్చిన మాట దక్కుతుంది.

"తలుపుకి తాళం వేసిందెవరని అడగొద్దు," అంది కాకి. మొగుడి జేబు సర్దడం ఇంకా అవ్వలేదు. "తాళంచెవి ఎక్కడో పోయింది, వెతుకుదాం పదండి."

అతనికి కాస్త తెలివుంటే తనూ లేచి అదే ముక్క అప్పజెబుతాడు, ముగ్గురం ఇంటికి పోతామని అనుకున్నానని ఆమె తర్వాత చాలామందితో చెప్పింది. అనుకునే ఉండవచ్చు. ఆ నిమిషంలో మాత్రం ఆమె కళ్ళల్లో కనిపించింది ఆ ఆలోచన కాదు.

జడ్జిగారు కాగితం చూసుకుని తల అడ్డంగా ఊపారు. "ఈవిడకీ రాదు."

"అబద్ధమండీ!" మిస్త్రీ ఎగిరి లేచాడు. "కావాలని తప్పు చెబుతోంది. నన్ను ఇరికించడానికి చెబుతోంది. అది కాదు!"

"అది కాదని మీకెలా తెలుసు?"

"తెలీకపోవడమేంటండీ, పక్కన నిలబడి కొన్ని వందల సార్లు పాడాను. అసలుది..."

"ఏయ్, ఆగండి, ఆగండి," అంటూ ప్లీడరమ్మ లేచి రెండు చేతులూ ఊపింది.

మిస్త్రీ ఆగలేదు. తప్పు చెబుతోందని నిరూపించే ఆత్రంలో అతనికి ఇంకేమీ కనపడలేదు. "తలుపుకి తాళం వేసిందెవరని అడగొద్దు, తాళంచెవి పెద్దాయన తలగడ కింద ఉంది. ఇదీ అసలుది. చూసుకోండి."

టైపు కొట్టే గుమస్తా, నిప్పు తగిలినట్టు మిషను మీంచి చేతులెత్తేశాడు. పోలీసులు పైకప్పు చూశారు. సర్కారు ప్లీడరు మెల్లగా కూర్చున్నాడు, మొహంలో వెలుగు దాచుకోలేక.

జడ్జిగారు కాగితం మడత విప్పి, మళ్ళీ చదివి, మళ్ళీ మడిచారు.

"అక్షరం పొల్లుపోలేదు," అన్నారు.

అప్పుడు తెలిసింది మిస్త్రీకి తన నోటితో తను ఏం చేసుకున్నాడో. "అయ్యా, నేను విన్నది చెప్పానండీ. రాసింది ఆవిడండీ. దేవుడి సాక్షిగా..."

"రాసినావిడకి రాదు, రాయని మీకు వచ్చా?" జడ్జిగారు కానిస్టేబులుకి సైగ చేసి, కాకి వైపు తిరిగారు. "చూడమ్మా. ఆయన నీ భర్త. ఆఖరిసారి అడుగుతున్నాను. ఈ పాదం నీదా, కాదా?"

మిస్త్రీ ఆమె వైపు చూశాడు. సభల్లో పిలిచే పేరుతో కాకుండా, పెళ్ళికి ముందు పిలిచిన అసలు పేరుతో పిలిచాడు. బతిమాలుతున్నట్టు కూడా లేదు, పక్క గదిలోంచి మంచినీళ్ళు అడిగినట్టుంది. ఎదుటి బోనులో చిన్నోడు కళ్ళార్పకుండా చూస్తున్నాడు. అక్క ఔనంటే వాడికి పాట పోతుంది, కాదంటే బావ పోతాడు. వాడికి ఏది కావాలో వాడి మొహంలో తెలియడం లేదు.

కాకి బోను దిగింది. దిగమని ఎవరూ అనలేదు. మొగుడి ముందు నుంచే నడిచి బెంచీ దగ్గరికి వచ్చింది. ఆమె లేకుండా బతకడం అలవాటైపోయిందన్న అమ్మ, ఇప్పుడు కాస్త జరిగి చోటిచ్చి, కూతురి మోచెయ్యి గట్టిగా పట్టుకుంది.

"మాట్లాడకు," అంది పెదవులు కదపకుండా.

జడ్జిగారు రుమాలుతో ముక్కు తుడుచుకుని, ప్రశ్న మళ్ళీ అడిగారు.